దొర గొంతు

ఎల్లస్వామి కెమెరా ముందు మొట్టమొదట పలికిన మాట ‘‘చిత్తం దొరా’’. ఆ తర్వాత చాలా ఏళ్లపాటు మద్రాసులో అతని నోటికి దొరికినవి ఇంచుమించు అలాంటి మాటలే. జమీందారు వెనక గొడుగు పట్టుకునే నౌకరు, రౌడీల గుంపులో చివర నిలబడేవాడు, పెళ్లిపందిట్లో కుర్చీలు సర్దే బంధువు, హీరో చెయ్యి తగలకముందే గడ్డివాము మీద వెల్లకిలా పడేవాడు. తెర మీద పేర్లు పడేటప్పుడు అతను ‘తదితరులు’ అనే మాటలో ఉండేవాడు. ఆ ‘తదితరులు’ రాగానే హన్మకొండలో ఒక టాకీసు ప్రొజెక్టర్ గదిలోంచి ఈల వినిపించేది. ఆ ఈల ఇమాం పాషాది.

ఇమాం పాషా ఆ టాకీసులో ఆపరేటరు. అంతకుముందు ఇద్దరూ వరంగల్ మిల్లులో ఒకే షిఫ్టులో పనిచేశారు, కార్మికుల నాటకాల్లో ఒకే స్టేజీ ఎక్కారు. ఎల్లస్వామికి ఎవరి గొంతయినా ఒకసారి వింటే పట్టుబడేది. మేస్త్రీ గొంతుతో ఒక్క కేక వేసి, బీడీలు తాగుతూ కూర్చున్న వాళ్లందర్నీ మిషన్ల దగ్గరికి పరిగెత్తించేవాడు. స్టేషన్‌లో అనౌన్సుమెంటు చేసే ఆమె గొంతు కూడా వదల్లేదు. ఒక్క గొంతు మాత్రం ఎన్నడూ తీయలేదు. తీయమని అడగడానికి అది మిల్లులో ఎవరికీ తెలియదు కూడా.

ములుగు దాటి అడవి అంచుకు పోతే రేగులగడ్డ వస్తుంది. ఆ ఊళ్లో ఎత్తు గోడల గడీ, ఆ గడీలో మురహరిరావు దొర. ఎల్లస్వామి తండ్రి మల్లయ్య దొర దగ్గర జీతగాడు. తల్లి చిన్నప్పుడే పోవడంతో ఎల్లస్వామీ, అక్క సమ్మమ్మా గడీ పశువుల కొట్టంలోనే పెరిగారు.

దొర గొంతు పెంచేవాడు కాదు. ఎవరి మీద కోపం వచ్చినా వాళ్లవైపు చూసేవాడు కూడా కాదు. అతని కాళ్ల దగ్గర ఎప్పుడూ ఒక కుక్క పడుకుని ఉండేది. ఒకటి చస్తే ఇంకొకటి వచ్చేది. ఏది వచ్చినా దాని పేరు మోతీ. దొర ఏం చెప్పినా మోతీతోనే చెప్పేవాడు. ‘‘మోతీ, ఫలానోనికి పొద్దు పొడిసింది తెలుస్తలేదట’’ అనేవాడు, చంటిపిల్లకు బెల్లంముక్క పెడుతున్నంత మెల్లగా. ఆ మాట పూర్తి కాకముందే గడీ మనుషులు ఆ ఫలానావాణ్ణి వాకిట్లోకి తెచ్చి, నడుం వంచి నిలబెట్టి, వీపు మీద బండ ఎత్తేవాళ్లు. ఎండ నెత్తికెక్కేది. దొర లోపలికి పోయి భోజనం చేసి, వక్కపొడి నోట్లో వేసుకుని వచ్చి కూర్చునేవాడు. కుక్క చెవులు నిమురుతూ అడిగేవాడు: ‘‘మోతీ, దించుదామా?’’

కుక్క మొరిగితే బండ దించేవాళ్లు. మొరక్కపోతే లేదు.

జ్వరంతో లేవలేక పనికి ఆలస్యంగా వెళ్లినందుకు ఒక ఎండాకాలం మల్లయ్య వీపు మీదికి బండ ఎక్కింది. ఆ రోజు మోతీకి నిద్ర పట్టింది. కొట్టం గోడ పక్కన నిలబడి, కుక్క లేవాలని ఎల్లస్వామి లోలోపల మొక్కుకుంటూనే ఉన్నాడు. అది లేచేసరికి ఎండ గోడలెక్కింది. మల్లయ్య ఆ తర్వాత నిటారుగా నిలబడింది లేదు. వానలు పడకముందే పోయాడు. అప్పటికే సమ్మమ్మను అదే ఊళ్లో పోశయ్యకు ఇచ్చారు. పోశయ్యకు కొంచెం మెట్ట చెలక, ఒక జత ఎడ్లు ఉన్నాయి, మంచివాడు. అక్కకు ఫికర్ లేదనుకుని, తండ్రి దినం అయిన మర్నాడు ఎల్లస్వామి ఊరు విడిచి వరంగల్ పారిపోయాడు. మిల్లు నుంచి నాటకాలకు, నాటకాల నుంచి మద్రాసుకు.

డెబ్బై తొమ్మిదిలో ఒక సినిమా షూటింగు మధ్యలో ప్రతినాయకుడి వేషం వేసే పెద్ద నటుడు నిర్మాతతో గొడవపడి వెళ్లిపోయాడు. సెట్టు వేసి ఉంది, జనం వచ్చి ఉన్నారు. డైరెక్టరు విసుగ్గా చుట్టూ చూసి, గొడుగు పట్టుకుని నిలబడ్డ ఎల్లస్వామిని అడిగాడు.

‘‘నీది తెలంగాణా కదా? దొరలను చూశావా ఎప్పుడైనా?’’

‘‘చూసిన సార్.’’

‘‘అయితే ఈ సీను చెయ్యి చూద్దాం. అరవడం అందరూ అరుస్తారు. కాస్త కొత్తగా ఉండాలి.’’

ఎల్లస్వామి ఒక కుక్కను అడిగాడు. ఎవరో వీధిలోంచి పట్టుకొచ్చారు. జూనియర్ ఆర్టిస్టు ఒకతన్ని వంగోబెట్టి, అట్టతో చేసి రంగు పూసిన బండను వీపు మీద పెట్టారు. ఎల్లస్వామి కుర్చీలో కూర్చున్నాడు. కుక్క చెవి మీద చెయ్యి వేశాడు. ఇన్నేళ్లూ తీయని గొంతు, ఎవరో తలుపు తీస్తే లోపలి మనిషి నడిచి వచ్చినట్టు, దానంతటదే వచ్చింది.

‘‘మోతీ, దించుదామా?’’

లైట్ల దగ్గరి కుర్రాళ్లు కదల్లేదు. డైరెక్టరు కట్ చెప్పడం మరిచిపోయాడు. సీను కాగితం మీద కుక్కకు వేరే పేరేదో ఉంది. ‘మోతీనే ఉండనీ’ అన్నారు. అందరూ వచ్చి భుజం తడుతుంటే ఎల్లస్వామి తప్పించుకుని సెట్టు వెనక్కి వెళ్లి కక్కుకున్నాడు. నీళ్లు పుక్కిలించి ఉమ్మినా ఆ గొంతు నోట్లోంచి పోయినట్టు అనిపించలేదు.

సినిమా విడుదలయ్యాక హీరో పేరు కంటే ఆ మాటే ముందు ఊళ్లకు పాకింది. వరంగల్ గంజి మార్కెట్లో బస్తాలు మోసే హమాలీలు లారీ దగ్గర నిలబడి ‘‘మోతీ, దించుదామా?’’ అని ఒకరినొకరు అడిగి నవ్వుకునేవారు. రిక్షావాళ్లు, నీళ్ల కాడ బిందెలెత్తే ఆడవాళ్లు, అందరి నోటా అదే. దొర అంటే జడుసుకునే జనం దొర మాట పలికి పగలబడి నవ్వుతున్నారు. పోస్టరు మీద ఎల్లస్వామి ముఖం వేశారు. ఎనభైలో సినిమా వంద రోజులు ఆడినప్పుడు, హన్మకొండ టాకీసులో సన్మానం పెట్టి అతన్ని మద్రాసు నుంచి రమ్మన్నారు.

డోర్నకల్ జంక్షన్‌లో రైలు ఆగితే చాయ్ అమ్మే అతను కిటికీలోంచి చూసి గుర్తుపట్టాడు. కేటిల్ కింద పెట్టి, ‘‘దించిన దొరా’’ అన్నాడు. పెట్టె అంతా నవ్వింది. ఎల్లస్వామి కూడా నవ్వాడు. జీవితంలో అంత తేలిగ్గా ఎప్పుడూ అనిపించలేదు అతనికి.

వరంగల్ స్టేషన్‌లో ఇమాం పాషా ఈల వెయ్యలేదు. సంచీ అందుకుని ముందు నడిచాడు.

‘‘ఏందిరా పాషా, మొఖం గట్ల పెట్టినవ్?’’

‘‘మీ దొర వచ్చిండు సినిమాకు.’’

ఎల్లస్వామి ఆగిపోయాడు.

‘‘పోయినవారం మ్యాట్నీకి వచ్చిండు. బాల్కనీ అంత ఖాళీ చేయించిండు. కుక్కను గూడ తెచ్చుకున్నడు, మేనేజరు నోరు తెరువలె. నేను గది కిటికీల నుంచి చూస్తనే ఉన్న. నవ్వలె, కోపానికి రాలె. గట్లనే కూసున్నడు. ఆట అయినంక లేవలె. మల్ల ఫస్ట్ షో గూడ చూసిండు. పోయేటప్పుడు నా గది కాడికి వచ్చిండు.’’

‘‘నీ కాడికా? ఏమన్నడు?’’

‘‘‘మల్లయ్య కొడుకు పెద్దోడైండు. మన ఊళ్లె గూడ సన్మానం చెయ్యాలె కదా’ అన్నడు. నాతోని కాదురా. కుక్కతోని.’’

ఇమాం పాషా ఇంట్లో సమ్మమ్మ కూర్చుని ఉంది. పొద్దున్నే బస్సెక్కి వచ్చిందట. తమ్ముణ్ణి చూసి లేచింది గాని దగ్గరికి రాలేదు. పాషా భార్య హలీమాబీ మంచినీళ్లు తెచ్చి ఇచ్చి లోపలికి పోయింది.

‘‘నువ్వు ఊరికి రాకు తమ్మీ’’ అంది సమ్మమ్మ. ‘‘గా మాట చెప్దామనే వచ్చిన.’’

‘‘బావ ఎట్లున్నడు?’’

ఆమె కొంగు కొసను మెలిపెడుతూ కూర్చుంది. ‘‘దొర రోజు గడీకి పిలిపిస్తాండు. పొద్దుగాల పోతే అరుగు కింద కూసుండవెడ్తడు. ఏం పని చెప్పడు, ఏం అడుగడు. పొద్దుమూకినంక పొమ్మంటడు. తెల్లారి మల్ల మనిషి వస్తడు. చెలక బీడు పడ్డది.’’

‘‘కొట్టిండా?’’

‘‘కొడితే బాగుండు. ఊకె కూసుండవెడ్తే ఏమనాలె? బావకు అన్నం పోతలేదు. నిద్రల గూడ కూసొనే ఉంటాండు.’’

‘‘ఊళ్లె ఎవలు అడుగుతలేరా?’’

‘‘పక్కూళ్లె సంగం పెట్టిండ్రు. మా ఊళ్లె ఇంక లేదు. గడీకి పోలీసోళ్లు వచ్చిపోతాండ్రు. ఎవలడుగుతరు?’’

ఎల్లస్వామికి అప్పుడు అర్థమైంది. రావద్దని చెప్పడానికి వచ్చిన అక్క, ఎందుకు రావాలో కూడా చెప్పేసింది. మర్నాటి పగలు ఖాళీగా ఉంది, సన్మానం ఆ మర్నాడు సాయంత్రం. పొద్దున్నే అక్కాతమ్ముళ్లిద్దరూ ములుగు బస్సెక్కారు. ఇమాం పాషా తానూ వస్తానన్నాడు. ఎల్లస్వామి వద్దన్నాడు.

ములుగులో దిగేసరికి గడీ జీపు ఆగి ఉంది. ఏ బస్సుకు వస్తారో ఎవరూ దొరకు చెప్పలేదు. డ్రైవరు దిగి వచ్చి ముందు సీటు తలుపు తీసి పట్టుకున్నాడు. దారి పొడుగునా అడవిలో మోదుగలు పూసి ఉన్నాయి. ఊరు చేరితే వీధుల్లో మనుషుల్లేరు, పొయ్యిల మీద పొగ లేదు. జనమంతా గడీ వాకిట్లో ఉన్నారు. పొద్దున్నే డప్పు కొట్టించి పిలిపించారట.

ఎల్లస్వామి అనుకున్నంత పెద్దగా లేదు గడీ. ఒక పక్క పెంకులు జారిపోయాయి. కొడుకులు హైదరాబాదులో స్థిరపడ్డారు, సగం గదులకు తాళాలు. అరుగు మీద దొర ముసలివాడై, శాలువా కప్పుకుని కూర్చుని ఉన్నాడు. కాళ్ల దగ్గర మోతీ కూడా ముసలిదే. కళ్లకు పొర వచ్చింది. అరుగు కింద పోశయ్య గొంతుక్కూర్చుని, బామ్మర్దిని చూసి చూడనట్టు తల తిప్పుకున్నాడు.

దొరకు ఎదురుగా ఇంకో కుర్చీ వేసి ఉంది.

‘‘మోతీ, కూసోమను’’ అన్నాడు దొర.

ఆ గడీలో మల్లయ్య ఇంటివాళ్లెవరూ కుర్చీ మీద కూర్చోలేదు. ఎల్లస్వామి కూర్చున్నాడు. అరచేతులు మోకాళ్ల మీద అదిమి పెట్టుకున్నాడు. దొర గొంతు ఎన్నో ఏళ్ల తర్వాత విన్నాడు. తను తీసిన గొంతుకూ దానికీ వెంట్రుకవాసి తేడా లేదు. అది తెలిసి మరింత భయం వేసింది.

‘‘సినిమాల మంచిగ చేసిండట మోతీ. మనకు కండ్లు మసకాయె, సరిగ కనవడలె. ఇక్కడ ఒకసారి చేసి చూపెడ్తడేమో అడుగు.’’

ఎవరూ పేరు చెప్పలేదు, చెయ్యి చూపలేదు. గడీ మనుషులిద్దరు వచ్చి పోశయ్యను లేపి, వాకిలి మధ్య వంగోబెట్టి, బండ ఎత్తారు. ఇది అట్ట బండ కాదు. ఎత్తేటప్పుడు వాళ్లిద్దరి మెడనరాలూ ఉబ్బాయి. పోశయ్య కాళ్లు కొంచెం ఎడమయ్యాయి. జనంలోంచి సమ్మమ్మ ఒక అడుగు వేసింది. గడీ ఊడ్చే ముసలి మొగిలమ్మ ఆమె చెయ్యి పట్టి ఆపింది.

ఎల్లస్వామి లేచాడు. నోరు తెరిచాడు. ‘‘నీ బాంచెన్ దొరా’’ అన్నాడు. తన సొంత గొంతే వచ్చింది, చిన్నప్పుడు కొట్టంలో ఉన్నప్పటిది. ‘‘తప్పయింది. ఆయనను ఇడువుండ్రి.’’

‘‘మోతీ, ఇదేనా సినిమా? ఇంతదూరం పోయి చూసినం కదా.’’

ఎండ తగులుతోంది. పోశయ్య ముక్కు మీది నుంచి చెమట చుక్కలు చుక్కలుగా మట్టిలో పడుతోంది. అతను తల ఎత్తలేక, నేల చూస్తూనే అన్నాడు.

‘‘చెయ్యి ఎల్లస్వామీ. దొరకు ఏం కావాల్నో చెయ్యి.’’

ఎల్లస్వామి కళ్లు మూసుకున్నాడు. మళ్లీ కుర్చీలో కూర్చున్నాడు, ఈసారి వెనక్కి ఆనుకుని. కాలు మీద కాలు వేశాడు. కళ్లు తెరిచి, పోశయ్యనూ చూడలేదు, దొరనూ చూడలేదు, జనాన్నీ చూడలేదు. కుక్కను చూశాడు.

‘‘మోతీ’’ అన్నాడు. ‘‘దించుదామా?’’

ముసలి కుక్క చెవులు నిక్కబొడుచుకున్నాయి. దొర కాళ్ల దగ్గర నుంచి లేచి, గాలి వాసన చూస్తూ, గొంతు వచ్చిన వైపు నడిచి వచ్చింది. ఎల్లస్వామి ముందు నిలబడి తోక ఊపి మొరిగింది.

గడీ మనుషులు అలవాటు కొద్దీ ముందుకొచ్చి పోశయ్య మీది బండ దించేశారు. దించాక వాళ్లకు తెలిసింది ఎవరి మాట విన్నారో. ఒకడి చేతులు బండ మీదే ఉండిపోయాయి.

 జనంలో మొగిలమ్మ ముక్కులోంచి ఒక నవ్వు జారింది. చేత్తో నోరు మూసుకుంది గాని ఆగలేదు. ఆమె పక్కనున్న మనిషికి అంటుకుంది, అతని వెనకవాళ్లకు అంటుకుంది. ఆ గడీ కట్టినప్పటి నుంచి ఆ వాకిట్లో ఊరంతా కలిసి నవ్విన సందర్భం లేదు.

‘‘మోతీ, ఇటు రా’’ అన్నాడు దొర.

కుక్క రెండు వైపులా చూసింది. దానికి ఏమీ తోచలేదు. ఎల్లస్వామి పాదాల మీద తల పెట్టి పడుకుంది.

దొర చెయ్యి వెనక్కి చాచాడు. ఎవరో తుపాకీ తెచ్చి ఇచ్చారు. నవ్వు ఆగిపోయింది. దొర లేచి, నాలుగడుగులు వేసి వచ్చి, ఎల్లస్వామి పాదాల దగ్గరే కుక్కను కాల్చాడు. రక్తం చెప్పుల మీద పడింది. అడవిలోకి పిట్టలు లేచిపోయాయి.

అప్పుడు దొర తల ఎత్తి ఎల్లస్వామి కళ్లలోకి చూశాడు. ఊళ్లో ఎవరూ ఎరగరు దొర ఒక మనిషి కళ్లలోకి చూడగా.

‘‘మోతీ పోయింది’’ అన్నాడు. ‘‘ఇగ నీతోనే మాట్లాడుత.’’

లోపలికి వెళ్లిపోయాడు. ఎవరూ ఎవర్నీ ఆపలేదు. జీపు వాకిట్లోనే ఉంది, డ్రైవరు మళ్లీ ముందు తలుపు తీసి పట్టుకున్నాడు. ఎల్లస్వామి ఎక్కలేదు. అక్కనూ బావనూ తీసుకుని చెలకల్లోంచి నడిచాడు. ఇంట్లోంచి బట్టలమూట తెచ్చుకోవడానికే ఆగారు. పోశయ్య కొట్టం దగ్గర నిలబడి ఎడ్ల మెడలు నిమిరాడు. ఎడ్లను తోలుకుని వరంగల్ దాకా నడవలేరు, తోలితే ఊరు విడిచిపోతున్నట్టు అందరికీ తెలుస్తుంది. వాటి ముందు కుడితి పెట్టి వచ్చాడు. ములుగు చేరేదాకా వెనక్కి చూస్తూనే ఉన్నాడు.

హలీమాబీ తమ ఇంట్లో ఒక గది ఖాళీ చేసి ఇచ్చింది. ‘‘మా ఇల్లు మీ ఇల్లే అక్కా. జర పొయ్యి కాడికి రా, మనసు మళ్లుతది’’ అని సమ్మమ్మను లోపలికి తీసుకుపోయింది.

మర్నాడు సాయంత్రం టాకీసు ముందు మైకులు, తోరణాలు. ఎల్లస్వామి వెళ్లకూడదనుకున్నాడు. వెళ్లకపోతే ఏమవుతుందోనని వెళ్లాడు. స్టేజీ ఎక్కి కూర్చుని జనంవైపు చూస్తే, ముందు వరసలో మధ్య కుర్చీలో మురహరిరావు దొర ఉన్నాడు. జిల్లాలో పెద్దమనిషి అని నిర్వాహకులే అక్కడ కూర్చోబెట్టారు. శాలువా కప్పమని అతన్నే పిలిచారు. దొర మెట్లెక్కి వచ్చాడు. జనం చప్పట్లు కొడుతున్నారు, ఫొటోగ్రాఫరు ఇటు చూడమంటున్నాడు. దొర శాలువా కప్పి, మడతలు సర్దుతూ, ఎల్లస్వామి చెవి దగ్గర అన్నాడు.

‘‘మీ బావ ఎడ్లు కొట్టంలనే ఉన్నయి. నీళ్లు తాపేటోళ్లు లేరు. వచ్చి తోలుకపొమ్మను.’’

అంతే. నవ్వుతూ ఫొటోకు నిలబడ్డాడు. కింద జనం ఒకటే గోల, ఆ మాట అనమని. ఎల్లస్వామి మైకు దగ్గరికి వెళ్లాడు. ఆ మాట అన్నాడు. జనం ఊగిపోయారు. ముందు వరసలో దొర కూడా మెల్లగా చప్పట్లు కొట్టాడు.

ఆ ఎడ్ల మాట ఎల్లస్వామి పోశయ్యకు చెప్పలేదు. ఇమాం పాషాతో చెప్పాడు. ‘‘అస్సలు చెప్పకు. ఎడ్ల పేరెత్తితే ఆగడు’’ అన్నాడు పాషా. మద్రాసు రైలెక్కేముందు ఎల్లస్వామి బావ పక్కన కూర్చుని అన్నాడు.

‘‘నెల రోజులల్ల నేనే వచ్చి మంచి జత కొనిస్త. ఊరి దిక్కు పోకు బావా.’’

‘‘పోతనా’’ అన్నాడు పోశయ్య. ‘‘ఎవలన్న నీళ్లు పెడ్తాండ్రో లేదో.’’

వారం తిరక్కుండా మద్రాసులో సినిమా ఆఫీసుకు ఫోను వచ్చింది. మాట్లాడింది టాకీసు మేనేజరు. ఇమాం పాషా పక్కనే నిలబడి ఉన్నాడట గాని ఫోను అందుకోలేకపోయాడట. రేగులగడ్డ నుంచి ఉప్పు కొనడానికి వచ్చిన ఎవరో బజార్లో పోశయ్యకు కనిపించి, ఎడ్లు రోజంతా అరుస్తున్నాయని చెప్పారు. అతను ఎవరికీ చెప్పకుండా తెల్లవారుజామున ఊరికి బయల్దేరి వెళ్లిపోయాడు. చెలక పక్క బావిలో తేలాడు. ఎడ్లు మాత్రం మెడలో తాళ్లు లేకుండా ములుగు రోడ్డు మీద తిరుగుతూ కనిపించాయి.

ఎల్లస్వామి వచ్చి ఠాణాకు వెళ్లాడు. దొర స్టేజీ మీద అన్న మాట చెప్పాడు. గడీలో అన్న మాట కూడా చెప్పాడు. ఎస్సై ఓపిగ్గానే విన్నాడు.

‘‘ఎడ్లను తోలుకపొమ్మంటే అది బెదిరింపెట్లయితదయ్యా? నీతో మాట్లాడుతననడం నేరమా? కుక్కను కాల్చిండు, అది ఆయన కుక్క. నీళ్లకని దిగి జారిపడ్డడు అని ఊరంతా రాసిచ్చింది. నువ్వు సినిమాలల్ల ఉంటవు కదా, నీకు అన్నీ గట్లనే కనవడ్తయి.’’

ఊరంతా రాసిచ్చింది. మొగిలమ్మ కూడా వేలిముద్ర వేసింది.

ఎల్లస్వామి ఆ రోజు అక్క ముందు కూర్చుని అన్నీ చెప్పేశాడు. ‘‘ఎడ్ల మాట నాతోని అన్నడక్కా. నేను బావకు చెప్పలె.’’

సమ్మమ్మ గోడకు ఆనుకుని కూర్చుంది. ‘‘చెప్పినా పోతుండె’’ అంది. ‘‘కాకపోతే నేనున్న ఇంట్ల గా గొంతు తియ్యకు. నిద్రల గూడ తియ్యకు.’’

మద్రాసులో ఇప్పుడు అతనికి వేషాలకు కొదవ లేదు. వచ్చే ప్రతి కథలోనూ ఒక దొర ఉన్నాడు. మొదట్లో వద్దన్నాడు. ఆ ఏడాదంతా పని లేక ఇంట్లో కూర్చున్నాడు. గొడుగు పట్టుకుంటానని వెళితే, ‘అంత పేరున్న నటుడు వెనక నిలబడితే జనం అతన్నే చూస్తారు’ అని పంపేశారు. ఆ తర్వాత ఒప్పుకున్నాడు. ఒక్కో సినిమాలో ఒక్కో కుక్క. షాటుకు ముందు కుర్చీలో కూర్చుని కెమెరా వెనక చీకట్లోకి చూసేవాడు, అక్కడ ఎవరైనా శాలువా కప్పుకుని కూర్చున్నారేమోనని. అసిస్టెంట్లు అది అతని ఏకాగ్రత అనుకునేవారు. సమ్మమ్మ పాషా వాళ్ల గల్లీలోనే ఒక గది తీసుకుని, బీడీలు చుడుతూ ఉండిపోయింది. సినిమాకు ఒక్కసారి కూడా పోలేదు.

ఎనభై ఆరులో మురహరిరావు దొర హైదరాబాదులో కొడుకు ఇంట్లో చనిపోయాడు. ఎల్లస్వామి వచ్చినప్పుడు సమ్మమ్మే అడిగింది.

‘‘ఎట్ల పోయిండట?’’

‘‘నిద్రల పోయిండట.’’

ఆమె బీడీకి దారం చుట్టి, కొస తెంపింది. ‘‘నిద్ర పడుతుండెనన్నమాట’’ అంది.

దొర పోయాడు కదా, ఇక ఆ వేషం తేలిగ్గా చేయవచ్చని అనుకున్నాడు ఎల్లస్వామి. గొంతు ఇంకా బాగా కుదిరింది. పేపర్లలో రాశారు. ఆ గొంతు ఉన్న మనిషి ఇప్పుడు లోకంలో తనొక్కడే అన్న ఆలోచన ఒకసారి అద్దం ముందు మేకప్ వేయించుకుంటుంటే వచ్చింది. మేకప్‌మ్యాన్ చెయ్యి పట్టుకుని ఆపేశాడు.

ఎనభై ఎనిమిదిలో అక్కను చూడ్డానికి వచ్చినప్పుడు, కొత్త సినిమా ఆడుతోందని ఇమాం పాషా బలవంతంగా టాకీసుకు తీసుకెళ్లాడు. పాషా గడ్డం నెరిసింది. ఇద్దరూ ప్రొజెక్టర్ గదిలో కూర్చున్నారు. తెర మీద కుర్చీలో తను కనపడగానే హాలు ఈలలతో దద్దరిల్లింది. ఎల్లస్వామి చిన్న కిటికీలోంచి కిందికి చూశాడు. పూర్వం ఆ సీనుకు జనం నవ్వేవారు. ఇప్పుడు నవ్వడం లేదు. లేచి నిలబడి కాగితం ముక్కలు చల్లుతున్నారు.

ఇంటర్వెల్లో చాయ్ తాగుదామని కిందికి దిగాడు. క్యాంటీన్ దగ్గర కుర్రవాళ్ల గుంపు ఒకటి నిలబడి ఉంది. చాయ్ ఇచ్చే ముసలాయన చెయ్యి వణికి ఒకతని చొక్కా మీద రెండు చుక్కలు పడ్డాయి. కాలేజీ కుర్రాడు, బాగా ఇస్త్రీ చేసిన చొక్కా. అతను ముసలాయన వైపు చూడలేదు. పక్కనున్న స్నేహితుడి భుజం మీద చెయ్యి వేసి, మెల్లగా అన్నాడు.

‘‘మోతీ, ఈనకు చాయ్ పొయ్యరాదట.’’

గొంతు పూర్తిగా కుదరలేదు. కానీ ఆ మెల్లదనం కుదిరింది. స్నేహితుడు బౌ బౌ అన్నాడు. ముసలాయన తల దించుకుని, భుజం మీది గుడ్డతో ముందు ఆ చొక్కా తుడిచి, తర్వాత గచ్చు మీద వంగి తుడవడం మొదలుపెట్టాడు.

కుర్రాడు ఇటు తిరిగి ఎల్లస్వామిని చూశాడు. ముఖం వెలిగిపోయింది. వంగి కాళ్లకు మొక్కాడు. ‘‘సార్, మీ సినిమాలన్నీ చూసిన. ఒక్కసారి అనుండ్రి సార్, మా దోస్తులు వింటరు.’’

నలుగురూ మూగారు. నేల తుడుస్తున్న ముసలాయన కూడా తల ఎత్తాడు. అతని చూపు ఎల్లస్వామికి తెలుసు. గడీ వాకిట్లో నిలబడ్డవాళ్లంతా అలాగే చూసేవారు, అరుగు మీది నుంచి ఏ మాట వస్తుందోనని.

‘‘నాకు రాదు బిడ్డా’’ అన్నాడు ఎల్లస్వామి.

కుర్రాళ్లకు అది కూడా డైలాగు లాగే వినిపించి, విరగబడి నవ్వారు. బెల్లు మోగింది. గ్లాసులు అక్కడే వదిలేసి లోపలికి పరిగెత్తారు. ముసలాయన గ్లాసులు ఏరుతున్నాడు. ఎల్లస్వామి కిందికి వంగి ఒక గ్లాసు తీసి ఇచ్చాడు. లోపల తలుపులు మూసుకున్నాయి. కాసేపటికి తన గొంతు గోడలోంచి వచ్చింది, ఎప్పటిలాగే ఎవరినీ చూడకుండా, చంటిపిల్లకు బెల్లం పెడుతున్నట్టు.

దానికి జవాబుగా హాలంతా ఒక్కసారిగా మొరిగింది.